తలుపు తీసినవాళ్లు, సంతకం పెట్టినవాళ్లు

1922 అక్టోబర్ 30 ఉదయం బెనిటో ముస్సోలినీ రోమ్ నగరంలో దిగింది రైల్లో. ముందు రోజు రాత్రి మిలాన్‌లో స్లీపర్ బోగీ ఎక్కి పడుకున్నాడు, తెల్లారేసరికి రాజధాని చేరాడు. ఆ తర్వాత ఇరవై ఏళ్ల పాటు ఫాసిస్టు పార్టీ ‘రోమ్ యాత్ర’ పేరుతో ఏటేటా ఘనంగా జరుపుకున్న విజయగాథ అసలు రూపం ఇది. అతని నల్లచొక్కాల దళాలు సరైన ఆయుధాలు లేకుండా వానలో తడుస్తూ నగరం వెలుపలే ఆగిపోయి ఉన్నాయి. సైన్యం గట్టిగా కదిలితే అవి నిలిచేవి కావు. ప్రధానమంత్రి లూయిజీ ఫాక్టా సైనిక పాలన ఉత్తర్వు రాయించి రాజు ముందు పెట్టాడు. మూడో విక్టర్ ఇమ్మాన్యుయేల్ సంతకం పెట్టనన్నాడు. పెట్టకపోగా ముస్సోలినీకి కబురంపి ప్రభుత్వం ఏర్పాటు చేయమన్నాడు. అంతకు ఏడాది క్రితం ఎన్నికల్లో ఫాసిస్టులకు దక్కినవి 535 స్థానాల్లో 35. అవి కూడా ఉదారవాది జోలిట్టి తన కూటమి జాబితాలో చోటిస్తే వచ్చినవి.

ఇరవయ్యో శతాబ్దపు నియంతల మీద గ్రంథాలయాలు నిండేంత సాహిత్యం వచ్చింది. అందులో ఎక్కువ భాగం ఒక్క మనిషి చుట్టూ తిరుగుతుంది: అతని బాల్యం, అతని కసి, అతని ఉపన్యాసాలు, అతని ఉన్మాదం. ఆ జీవితచరిత్రలు చదవదగ్గవే. అయినా రోమ్‌లో అప్పుడు నిర్ణయం తీసుకున్నవాడు రాజు. ఈ సంగతి మనసులో పెట్టుకుని మిగతా దేశాల చరిత్రల్లోకి వెళ్తే ప్రతిచోటా ఇలాంటి మనుషుల వరస ఒకటి కనిపిస్తుంది. నియంతకు ఒక మెట్టు కింద నిలబడి, హోదా ఉండి, చదువు ఉండి, కాదనగలిగి కూడా కాదనని వాళ్ల వరస. తలుపు తీసింది వాళ్లు. తర్వాత ఫైళ్ల మీద సంతకాలు పెట్టిందీ వాళ్లే. నియంతృత్వం ఎలా పుడుతుందో, ఎలా నిలుస్తుందో తెలియాలంటే చూపు నియంత మీద నుంచి ఆ రెండో వరస మీదికి మళ్లాలన్నది నా వాదన.

మన దగ్గర చూపు అలా మళ్లడం కష్టమే. ఇంట్లో కఠినంగా ఉండే తండ్రినో, బెత్తం దించని మాస్టారినో హిట్లర్ అంటాం. ఆ పేరుతో 1997లో చిరంజీవి సినిమా వచ్చింది. అందులో హిట్లర్ అంటే చెల్లెళ్లకు కాపలా కాసే అన్న. 2006లో ‘స్టాలిన్’ వచ్చింది. అందులో స్టాలిన్ అంటే తోటివాడికి సాయం చేయమని చెప్పే మాజీ సైనికుడు. ఇందులో ఎవరి దురుద్దేశమూ లేదు. కానీ కోట్ల మందిని బలిగొన్న పాలనావ్యవస్థలు మన ఊహలో ఒక కోపిష్టి మనిషంత చిన్నవైపోయాయి. కోపిష్టి మనిషి ఎంతటివాడైనా తన చేత్తో అంతమందిని చంపలేడు.

జర్మనీ దగ్గరికి వద్దాం. హిట్లర్‌ని జనమే ఓట్లేసి గెలిపించారన్న మాట చర్చల్లో తరచూ వినిపిస్తుంది. అందులో నిజం సగమే. 1928 మేలో నాజీ పార్టీకి వచ్చినవి 2.6 శాతం ఓట్లు, 12 సీట్లు. ఆర్థిక మాంద్యం ముంచేసిన తర్వాత 1930 సెప్టెంబర్‌లో 18.3 శాతం, 107 సీట్లు. నిరుద్యోగులు 60 లక్షలకు చేరిన 1932లో, జూలై ఎన్నికల్లో 37.3 శాతం, 230 సీట్లు. స్వేచ్ఛగా జరిగిన ఎన్నికల్లో ఆ పార్టీ ఎక్కిన అతి పెద్ద మెట్టు అదే. నవంబర్‌లో మళ్లీ ఎన్నికలు పెడితే 20 లక్షల ఓట్లు జారిపోయి 33.1 శాతానికి, 196 సీట్లకు దిగింది. పార్టీ ఖజానా ఖాళీ అయింది, కార్యకర్తలు నీరసించారు. హిట్లర్ చాన్సలర్ అయింది ఇలా దిగజారుతున్న రోజుల్లోనే, 1933 జనవరి 30న. అతన్ని ఆ కుర్చీలో కూర్చోబెట్టింది ఫ్రాంజ్ ఫాన్ పాపెన్ అనే మాజీ చాన్సలర్. తన స్థానంలోకి వచ్చిన ష్లైషర్‌ని దించాలన్న పంతంతో అతను హిట్లర్‌తో బేరం కుదుర్చుకుని, 85 ఏళ్ల అధ్యక్షుడు హిండెన్‌బర్గ్‌ని ఒప్పించాడు. మంత్రివర్గంలో హిట్లర్ కాక నాజీలు ఇద్దరే ఉన్నారు, తక్కిన వాళ్లంతా పాత తరం సంప్రదాయవాదులు. రెండు నెలల్లో హిట్లర్‌ని మూలకు నెట్టేస్తామని పాపెన్ తనవాళ్లకు ధీమాగా చెప్పుకున్నాడు.

ఆ రెండు నెలల్లో ఏం జరిగిందో తేదీలవారీగా చూస్తే ఇప్పటికీ గుండె ఝల్లుమంటుంది. ఫిబ్రవరి 27 రాత్రి పార్లమెంటు భవనం తగలబడింది. మర్నాడే ప్రధాన పౌర హక్కులను నిలిపేస్తూ వచ్చిన ఉత్తర్వు మీద హిండెన్‌బర్గ్ సంతకం పడింది. ‘తాత్కాలికం’ అన్న ఆ ఉత్తర్వు పన్నెండేళ్లు, నాజీ పాలన కూలేదాకా అమల్లో ఉంది. మార్చి 22న డాహావ్ నిర్బంధ శిబిరం తెరిచారు. మార్చి 23న, పార్లమెంటుతో పని లేకుండా చట్టాలు చేసే అధికారాన్ని హిట్లర్‌కి అప్పగించే బిల్లు సభ ముందుకొచ్చింది. అనుకూలంగా 444, వ్యతిరేకంగా 94. కమ్యూనిస్టు సభ్యులు 81 మంది అప్పటికే జైళ్లలోనో అజ్ఞాతంలోనో ఉన్నారు. వ్యతిరేకించిన వాళ్లంతా సోషల్ డెమోక్రాట్లు. చుట్టూ తుపాకుల కాపలా ఉండగా వాళ్ల నాయకుడు ఓటో వెల్స్ లేచి మాట్లాడాడు. మూడింట రెండొంతుల మెజారిటీ కావాల్సిన ఆ బిల్లును గట్టెక్కించింది కాథలిక్కుల సెంటర్ పార్టీ. చర్చికి, బడులకు ముప్పు రాదని హిట్లర్ రాసిస్తానన్న కాగితం కోసం ఆ పార్టీ నాయకులు ఎదురుచూస్తూ ఓటేశారు. ఆ కాగితం ఎన్నడూ రాలేదు. జూలై 14 నాటికి దేశంలో నాజీ పార్టీ తప్ప మరో పార్టీ చట్టబద్ధంగా ఉండే వీలు లేకుండా పోయింది.

వామపక్షాల బాధ్యతను కూడా దాచకూడదు. 1932 నవంబర్ ఎన్నికల్లో సోషల్ డెమోక్రాట్లకు 121 సీట్లు, కమ్యూనిస్టులకు 100. రెండూ కలిపితే నాజీల కంటే ఎక్కువ. మాస్కో ఇచ్చిన పంథాలో నడుస్తూ జర్మన్ కమ్యూనిస్టులు సోషల్ డెమోక్రాట్లనే ‘సోషల్ ఫాసిస్టులు’ అని తిట్టిపోస్తూ కూర్చున్నారు. మరోవైపు 1930 నుంచే చాన్సలర్ బ్రూనింగ్ ప్రభుత్వం రాజ్యాంగంలోని 48వ అధికరణను అడ్డం పెట్టుకుని అత్యవసర ఉత్తర్వులతో దేశాన్ని నడిపింది. 1932 జూలై 20న పాపెన్ ప్రష్యా రాష్ట్రంలో ఎన్నికైన ప్రభుత్వాన్ని ఒక్క ఉత్తర్వుతో తీసిపారేశాడు. హిట్లర్ చేతికి వచ్చేనాటికే పార్లమెంటు లోపల గుల్లయి ఉంది.

అలా అని జరగాల్సింది జరిగి తీరుతుందని చేతులెత్తేయడానికి లేదు. అదే కాలంలో, అదే మాంద్యంలో, తలుపు మూసిన దేశాలూ ఉన్నాయి. ఫిన్లాండ్‌లో లాపువా ఉద్యమం ఫాసిస్టు పద్ధతులన్నీ అందిపుచ్చుకుంది: అపహరణలు, దెబ్బలు, చివరికి 1932 ఫిబ్రవరి చివర మాన్‌ట్సాలా దగ్గర సాయుధ తిరుగుబాటు. అధ్యక్షుడు స్విన్‌హువుడ్ వాళ్లకు పరాయివాడేమీ కాదు. కరడుగట్టిన సంప్రదాయవాది, కమ్యూనిజం అంటే పడనివాడు, వాళ్ల మద్దతుతోనే పదవిలోకి వచ్చినవాడు. అయినా రేడియోలో మాట్లాడి తిరుగుబాటుదార్లను ఇళ్లకు వెళ్లిపొమ్మన్నాడు. వెళ్లారు. ఆ ఉద్యమాన్ని నిషేధించారు. బెల్జియంలో 1936లో లియోన్ డెగ్రెల్ నాయకత్వంలోని రెక్స్ పార్టీ 21 సీట్లు గెలిచి అందరినీ కలవరపెట్టింది. మరుసటి ఏడాది బ్రస్సెల్స్ ఉప ఎన్నికలో డెగ్రెల్ స్వయంగా నిలబడితే కాథలిక్కులు, ఉదారవాదులు, సోషలిస్టులు, కమ్యూనిస్టులు అందరూ ప్రధాని ఫాన్ జీలాండ్ వెనక చేరారు. డెగ్రెల్ ఎదుగుదల అక్కడితో ఆగింది. నియంతృత్వాల చరిత్ర చెప్పేవాళ్లు ఈ రెండు కథలనూ సాధారణంగా ఒక వాక్యంలో దాటేస్తారు. నాకు మాత్రం ఇవి ముస్సోలినీ కథంత ముఖ్యమైనవి. స్విన్‌హువుడ్‌కి ఉన్నదీ, విక్టర్ ఇమ్మాన్యుయేల్‌కి లేనిదీ పెద్ద సైన్యం కాదు.

స్టాలిన్ దారి వేరు. అక్కడ ఎన్నికలు లేవు, బేరమాడే రాజు లేడు. 1921లోనే పదో మహాసభలో పార్టీ లోపల ముఠాలు కట్టడాన్ని లెనిన్ నిషేధింపజేశాడు. భిన్నాభిప్రాయానికి పార్టీలో మిగిలి ఉన్న చివరి సందు అలా మూసుకుంది. 1922 ఏప్రిల్‌లో స్టాలిన్‌కి ప్రధాన కార్యదర్శి పదవి వచ్చినప్పుడు దాన్ని గుమస్తా పనిగా చూసిన నాయకులే ఎక్కువ. ఏ జిల్లాకు ఎవరు కార్యదర్శి, ఎవరికి బదిలీ, మహాసభకు ఏ ప్రతినిధులు అన్నవి ఆ గుమస్తా బల్ల మీదే తేలతాయని వాళ్లు ఆలస్యంగా గ్రహించారు. మంచానపడ్డ లెనిన్ 1923 జనవరిలో స్టాలిన్‌ని ఆ పదవి నుంచి తప్పించమని రాయించాడు. లెనిన్ పోయాక ఆ లేఖను మహాసభలో బాహాటంగా చర్చకు రానీయకుండా చూసినవాళ్లు జినోవియెవ్, కామెనెవ్. ట్రాట్‌స్కీ ఎదిగిపోతాడన్న భయంతో ఆ ఇద్దరూ స్టాలిన్‌ని కాపాడారు. తర్వాత వాళ్లిద్దర్నీ బుఖారిన్ సాయంతో, ఆపైన బుఖారిన్‌నీ స్టాలిన్ పక్కకు తోసేశాడు. 1936 నుంచి 1938 దాకా మాస్కోలో జరిగిన బహిరంగ విచారణల తర్వాత ముగ్గురినీ కాల్చి చంపారు. పాపెన్ చేసిన తప్పే వీళ్లూ చేశారు. ఇవాళ్టి ప్రత్యర్థిని దించడానికి ఈ మనిషి పనికొస్తాడు, రేపు ఇతన్ని మనం చూసుకోవచ్చు అనుకున్నారు.

అధికారం చిక్కిన తర్వాత ఈ పాలనలు ఎలా నిలిచాయన్నది రెండో ప్రశ్న. పండితుల మధ్య వాదన అంతా దీని చుట్టూనే. హన్నా ఆరెంట్ 1951లో అచ్చైన ‘ది ఆరిజిన్స్ ఆఫ్ టోటాలిటేరియనిజం’లో నాజీ జర్మనీనీ స్టాలిన్ రష్యానీ ఒక కొత్త రకం పాలనగా చూపించింది. పాత నిరంకుశులకు జనం నోరు మూసుకుంటే చాలు. ఈ కొత్త పాలనకు అది సరిపోదు. మనిషి ఇల్లు, స్నేహం, ఆలోచన అన్నీ దానికి కావాలి. మనిషికి మనిషి మీద నమ్మకం పోయి ప్రతివాడూ ఒంటరైన చోట అది వేళ్లూనుతుందని ఆమె అన్నది. 1956లో కార్ల్ ఫ్రీడ్రిక్, జ్బిగ్నియెవ్ బ్రెజిన్‌స్కీ ఈ పాలనకు లక్షణాల పట్టిక తయారు చేశారు: సిద్ధాంతం, ఏకైక పార్టీ, పోలీసు భయోత్పాతం, ప్రచార సాధనాల మీద, ఆయుధాల మీద గుత్తాధిపత్యం, కేంద్రం చేతిలోని ఆర్థిక వ్యవస్థ. పట్టికగా అది బాగానే ఉంది, కానీ పై నుంచి ఆజ్ఞ వస్తే కింద యంత్రంలా అమలవుతుందన్న బొమ్మ గీసింది. ఆర్కైవ్‌లు తెరుచుకున్న కొద్దీ ఆ బొమ్మ చెదిరింది.

చరిత్రకారుడు రాబర్ట్ గెలటెలీ వుర్జ్‌బర్గ్ నగరంలో మిగిలిన నాజీ రహస్య పోలీసు శాఖ గెస్టపో ఫైళ్లు చదివాడు. 8 లక్షలకు పైగా జనాభా ఉన్న ఆ చుట్టుపక్కల ప్రాంతానికి 1937లో ఉన్న గెస్టపో అధికారులు ముప్పై మంది కూడా లేరు. యూదులతో స్నేహం, పరిచయం అన్న నేరాల మీద నడిచిన కేసుల్లో అధికభాగం ఇరుగుపొరుగువాళ్లు, తోటి ఉద్యోగులు, చుట్టాలు రాసిన ఫిర్యాదులతో మొదలైనవే. గోడ తగాదా, అద్దె తగాదా, ప్రేమ తగాదా దేశద్రోహం కేసుగా మారేవి. ప్రతి మూలా గెస్టపో కళ్లున్నాయని జనం భయపడ్డారు. ఆ కళ్లు చాలావరకు జనానివే. యుద్ధం తర్వాత తూర్పు జర్మనీ ఈ పనికి ఆఫీసు రూపం ఇచ్చింది. 1989లో 1.6 కోట్ల జనాభాకు అక్కడి రహస్య పోలీసు శాఖ స్టాసీ ఉద్యోగులు 91 వేల మంది, వాళ్లు కాక గుట్టుగా సమాచారం చేరవేసేవాళ్లు లక్షా డెబ్బై వేలకు పైనే. 1992లో ఫైళ్లు చూసుకునే హక్కు వచ్చినప్పుడు తమ గురించి రాసిచ్చింది తమ మిత్రులేనని, కొన్నిచోట్ల తమతో కాపురం చేసినవాళ్లేనని మనుషులు కళ్లారా చదువుకున్నారు.

బ్రిటిష్ చరిత్రకారుడు ఇయన్ కెర్షా ఇంకో అడుగు ముందుకేశాడు. 1934లో వెర్నర్ విల్లికెన్స్ అనే నాజీ అధికారి ఒక ప్రసంగంలో, పై నుంచి ఆజ్ఞ కోసం కాచుక్కూర్చోవద్దు, నాయకుడు ఏం కోరుకుంటాడో ఊహించి ఆ దిశలో పని చేయడమే అందరి విధి అన్నాడు. కెర్షా ఆ మాటనే తాళంచెవిగా పట్టుకుని హిట్లర్ పాలనంతా విప్పి చూపించాడు. హిట్లర్ ఆఫీసు పని మీద శ్రద్ధ లేని మనిషి. లేవడం ఆలస్యం, ఫైళ్లంటే విసుగు. అయినా యంత్రం ఆగలేదు సరికదా ఏటేటికీ మరింత క్రూరంగా తిరిగింది. కారణం, కింది వాళ్లంతా ఒకరిని మించి ఒకరు అతని మనసులో మాట నెరవేర్చడానికి పోటీ పడ్డారు. 1942 జనవరి 20న బెర్లిన్ శివారు వాన్‌సీలో యూదుల సంహారం గురించి సమన్వయ సమావేశం జరిగితే బల్ల చుట్టూ కూర్చున్న 15 మందిలో సగానికి పైగా డాక్టరేట్లు ఉన్నవాళ్లు. కాల్పుల పని చేసిన చేతుల గురించి చరిత్రకారుడు క్రిస్టఫర్ బ్రౌనింగ్ 1992లో ఒక పుస్తకం రాశాడు. పోలండ్‌కి పంపిన 101వ రిజర్వు పోలీసు బెటాలియన్‌లో ఎక్కువమంది హాంబర్గ్‌కి చెందిన నడివయసు మామూలు మనుషులు. మొదటి ఊచకోతకు ముందు, చేయలేని వాళ్లు పక్కకు రావచ్చని కమాండరే చెప్పాడు. దాదాపు 500 మందిలో అప్పటికప్పుడు పక్కకు వచ్చింది డజను మంది. వాళ్లకు శిక్ష పడలేదు. ఈ పుస్తకంలో నన్ను అన్నిటికంటే కలచివేసింది ఆ చివరి విషయం. తప్పుకుంటే ప్రాణం పోతుందన్న సాకు అక్కడ లేదు.

ఇటలీలో 1931లో విశ్వవిద్యాలయ ఆచార్యులందరూ ఫాసిస్టు ప్రభుత్వానికి విధేయత ప్రమాణం చేయాలన్నారు. సుమారు 1,200 మందిలో నిరాకరించింది ఇంచుమించు డజను మందే. కొందరు ఉద్యోగం కోసం, కొందరు తమ కుర్చీలో ఫాసిస్టు వచ్చి కూర్చుంటాడన్న వాదనతో సంతకం పెట్టారు. రెండో వాదన అబద్ధం కాదు. అయినా ముస్సోలినీకి కావలసింది వాళ్ల నమ్మకం కాదు, సంతకం. అది వచ్చేసింది.

సోవియట్ యూనియన్‌లో కాగితం మరీ భయంకరమైన రూపం తీసుకుంది. 1937 జూలై 30 నాటి 00447 నంబరు ఉత్తర్వులో ప్రాంతాలవారీగా కోటాలు రాశారు, మొదటి తరగతిలో ఇంతమంది, రెండో తరగతిలో ఇంతమంది అని. మొదటి తరగతి అంటే కాల్చివేత. రెండో తరగతి అంటే శిబిరం. ఏ నేరం, ఎవరు చేశారన్నది తర్వాత వెతుక్కునే విషయం, అంకె ముందు. కోటా నిండిన ప్రాంతాల అధికారులు పెంచమని మాస్కోకి తంతి మీద తంతి పంపారు. మాస్కో పెంచింది. 1937, 38 సంవత్సరాల్లో కాల్చి చంపిన వాళ్లు 6,81,692 మంది. కోటాలు అడిగిన వాళ్లూ మిగల్లేదు. రహస్య పోలీసు అధిపతి యాగోదాని 1938లో, అతన్ని పట్టించి ఆ కుర్చీలో కూర్చున్న యెజోవ్‌ని 1940లో చంపారు. 1934 నాటి పార్టీ మహాసభ ప్రతినిధులు 1,966 మందిలో 1,108 మంది అరెస్టయ్యారని 1956 ఫిబ్రవరిలో కృశ్చేవ్ తన రహస్య ప్రసంగంలో చెప్పాడు.

భయం ఒక్కటే అయితే ఇంత పెద్ద దేశం కదలదు. చరిత్రకారిణి షీలా ఫిట్జ్‌పాట్రిక్ పరిశోధన ఇక్కడ కళ్లు తెరిపిస్తుంది. కార్మిక, రైతు కుటుంబాల నుంచి వచ్చిన యువకులు ఆ దశాబ్దంలో సాంకేతిక విద్య చదివి ఇంజనీర్లు, మేనేజర్లు, పార్టీ కార్యదర్శులు అయ్యారు. పైవాళ్లు అరెస్టయిన కొద్దీ కిందివాళ్లకు కుర్చీలు ఖాళీ అయ్యాయి. బ్రెజ్నెవ్, కొసీగిన్ ఆ మెట్ల మీద పైకి వచ్చినవాళ్లే. జర్మనీలో యూదుల ఇళ్లు, దుకాణాలు, ఉద్యోగాలు, చివరికి కుర్చీలు బల్లలు కూడా వేలంలో పొరుగువాళ్ల చేతికి వచ్చాయి. నియంతృత్వం లాక్కుంటుందని మాత్రమే తెలుసు మనకు. అది పంచుతుంది కూడా, పంచినదాన్ని తీసుకున్నవాడు నోరెత్తలేడు.

ఈ పాలనలన్నిట్లో మనుషుల ప్రాణాల మీదకి ఎక్కువగా వచ్చింది అబద్ధపు లెక్క. స్టాలిన్ సామూహిక వ్యవసాయం కింద రైతుల ధాన్యాన్ని విత్తనాలతో సహా ఊడ్చుకుపోయాక 1932-33లో ఉక్రెయిన్‌లో 35 లక్షల మందికి తగ్గకుండా, 1930-33 మధ్య కజకిస్తాన్‌లో సుమారు 15 లక్షల మంది ఆకలితో చనిపోయారు. 1937 జనవరి జనగణనలో జనాభా 16.2 కోట్లని తేలింది. స్టాలిన్ అప్పటికే చెప్పుకొస్తున్న లెక్కలతో అది కుదరలేదు. ఫలితాలను రద్దు చేశారు, గణాంకశాఖ పెద్దలను అరెస్టు చేశారు, కొందరిని కాల్చేశారు. 1939లో మళ్లీ లెక్కించిన వాళ్లకు 17 కోట్లు వచ్చాయి. చైనాలో 1958లో మొదలైన ‘మహా ముందడుగు’ ఈ పాఠాన్ని మరింత పెద్ద అక్షరాలతో రాసింది. కమ్యూన్ అధికారులు పైవాళ్ల మెప్పు కోసం పంట దిగుబడిని ఎన్నో రెట్లు పెంచి చూపించారు. ఆ కాగితపు పంటలో ప్రభుత్వ వాటా కింద అసలు పంటంతా తోలుకుపోయారు. 1959లో లూషాన్ సమావేశంలో రక్షణమంత్రి పెంగ్ దెహువాయ్ ఉన్న మాట లేఖగా రాసి మావోకి ఇచ్చాడు. ఆయన పదవి ఊడింది, అతివాదం మీద కాకుండా ‘మితవాదం’ మీద కొత్త వేట మొదలైంది, కరువు ఇంకో రెండేళ్లు సాగింది. చనిపోయినవాళ్లు కోటిన్నర నుంచి నాలుగున్నర కోట్ల దాకా అని రకరకాల అంచనాలు. మూడు కోట్ల దగ్గర ఎక్కువమంది ఆగుతారు. స్వతంత్ర భారతంలో దీర్ఘకాలపు అర్ధాకలి పోకపోయినా ఇలాంటి కరువు రాకపోవడానికి పత్రికలు, ప్రతిపక్షం కారణమని అమర్త్యసేన్ చేసిన వాదన ఈ పోలిక మీద నిలబడ్డదే.

ఇక్కడ తెలుగు నేలతో ముడిపడ్డ సంగతి ఒకటి చెప్పాలి. 1951 తొలి నెలల్లో భారత కమ్యూనిస్టు పార్టీ నుంచి నలుగురు రహస్యంగా మాస్కో వెళ్లి స్టాలిన్‌ని కలిశారు. అజయ్ ఘోష్, డాంగేలతో పాటు చండ్ర రాజేశ్వరరావు, మాకినేని బసవపున్నయ్య. తెలంగాణ సాయుధ పోరాటం కొనసాగించాలా ఆపాలా అన్నది వాళ్ల ముందున్న ప్రశ్నల్లో ఒకటి. అక్టోబర్‌లో పోరాటాన్ని విరమించారు. దొరల వెట్టి మీద తిరగబడి ప్రాణాలిచ్చిన రైతుకూలీల భవిష్యత్తు గురించి సలహా అడిగింది ఎవర్ని? తన దేశంలో సామూహిక క్షేత్రాల రైతులకు అంతర్గత పాస్‌పోర్టు ఇవ్వకుండా ఊరు దాటనివ్వని పాలకుణ్ణి. 1932 డిసెంబర్‌లో పెట్టిన ఆ కట్టుబాటు పూర్తిగా పోవడానికి 1974 నాటి కొత్త నిబంధనలు రావలసి వచ్చింది. ఆ నలుగురి నిజాయితీని శంకించడం లేదు. మాస్కోలో అచ్చయి చవగ్గా మన ఊళ్లకు చేరిన తెలుగు పుస్తకాల్లో ఈ సంగతులు లేవు. తెలిసే వీలు వచ్చిన తర్వాత కూడా మాట్లాడని వాళ్ల విషయంలో మాత్రం అంత ఉదారంగా ఉండలేను. కంబోడియాలో 1975 నుంచి 1979 దాకా పోల్ పాట్ పాలనలో, సుమారు 80 లక్షల జనాభాలో 15 నుంచి 20 లక్షల మంది పోయారు. ఒక హైస్కూలును చిత్రహింసల జైలుగా మార్చారు. ఆ రోజుల్లోనూ ఆ పాలనను రైతు విప్లవమని మెచ్చుకున్న మేధావులు యూరప్‌లో ఉన్నారు.

యంత్రం బిగిసిన తర్వాత కాదనడం సాధ్యమేనా? సాధ్యమే, ఖరీదు మాత్రం పెరిగిపోతుంది. మానసిక రోగుల్నీ వికలాంగుల్నీ గ్యాస్‌తో చంపుతున్న కార్యక్రమాన్ని 1941 ఆగస్టు 3న మ్యూన్‌స్టర్ బిషప్ ఫాన్ గాలెన్ చర్చి వేదిక మీద నుంచి హత్య అన్నాడు. మూడు వారాల్లో హిట్లర్ దాన్ని అధికారికంగా ఆపించాడు. అప్పటికే 70 వేల మంది పోయారు, ఆ తర్వాతా ఆసుపత్రుల్లో గుట్టుగా చంపుతూనే ఉన్నారు. నాజీల మిత్రదేశమైన బల్గేరియాలో 1943 మార్చిలో యూదుల్ని రైళ్లెక్కించబోతుంటే పార్లమెంటు ఉపాధ్యక్షుడు దిమితర్ పెషెవ్ తన పార్టీ సభ్యుల చేతే నిరసన లేఖ మీద సంతకాలు పెట్టించాడు, చర్చి పెద్దలు అడ్డుపడ్డారు. దేశంలోని 48 వేల మంది బతికారు. బల్గేరియా ఆక్రమించుకున్న థ్రేస్, మాసిడోనియాల నుంచి మాత్రం 11 వేల మందికి పైగా మరణ శిబిరాలకు వెళ్లిపోయారు. వాళ్ల తరఫున సంతకాలు పెట్టేవాళ్లు సమయానికి లేకపోయారు.

ఈ పాలనలు ముగిసిన తీరులో కూడా రెండో వరసే కనిపిస్తుంది. 1943 జూలై 25 తెల్లవారుజామున ఫాసిస్టు మహామండలిలో 19 మంది ముస్సోలినీకి వ్యతిరేకంగా ఓటేశారు. ఆ మధ్యాహ్నం అతన్ని దించి అరెస్టు చేయించింది అదే విక్టర్ ఇమ్మాన్యుయేల్. ఇరవై ఒక్క ఏళ్లు ఆలస్యంగా. స్టాలిన్ 1953 మార్చి 1న తన విడిది గదిలో పక్షవాతంతో కూలబడితే, పిలవకుండా లోపలికి వెళ్లే ధైర్యం లేక కాపలావాళ్లు రాత్రిదాకా ఆగారు. వైద్యులు వచ్చేసరికి మర్నాడు తెల్లారింది. దేశంలోని పేరున్న వైద్యులు కొందరు అప్పటికి అతని ఉత్తర్వు మీదే జైల్లో ఉన్నారు. మార్చి 5న పోయాడు. మావో కూడా మంచం మీదే పోయాడు. హిట్లర్‌నీ పోల్ పాట్‌నీ దించడానికి పరాయి సైన్యాలు రావలసి వచ్చింది. జనం వీధిలోకి వచ్చి దించిన రొమేనియా నియంత చావ్‌షెస్కూ విషయంలో కూడా, 1989 డిసెంబర్‌లో సైన్యం పక్క మారకపోతే ఫలితం వేరుగా ఉండేది. ఉత్తర కొరియాలో మూడో తరం నడుస్తోంది.

ప్రతి కఠిన పాలననూ ఈ గాటన కట్టేయడం నాకు సమ్మతం కాదు. స్పెయిన్‌లో ఫ్రాంకో, పోర్చుగల్‌లో సలజార్ వంటి వాళ్లు జనం రాజకీయాల జోలికి రాకపోతే చాలనుకున్నారని రాజకీయ శాస్త్రవేత్త జువాన్ లింజ్ చేసిన విభజన ఇప్పటికీ పనికొస్తుంది. మన 1975-77 ఎమర్జెన్సీ కూడా ఈ కోవలోది కాదు. 21 నెలల తర్వాత ఎన్నికలు జరిగాయి, ఇందిరాగాంధీ ఓడిపోయారు. అయినా ఎమర్జెన్సీ విధించిన రాత్రి మంత్రివర్గానికి చెప్పకముందే ప్రకటన మీద రాష్ట్రపతి ఫక్రుద్దీన్ అలీ అహ్మద్ సంతకం పడింది. 1976 ఏప్రిల్ 28న సుప్రీంకోర్టు ఐదుగురు న్యాయమూర్తుల్లో నలుగురు, అక్రమ నిర్బంధంలో ఉన్నవాడికి కోర్టు తలుపు తట్టే హక్కు కూడా లేదన్నారు. కాదన్నది హెచ్.ఆర్. ఖన్నా ఒక్కరే. ఆయనకు రావలసిన ప్రధాన న్యాయమూర్తి పదవి మరొకరికి వెళ్లింది.

ఈ సమీక్షలో వాడిన 6,81,692 అన్న అంకె నియంత శత్రువులు కట్టిన లెక్క కాదు. స్టాలిన్ పోయిన ఏడాదే ఆ రహస్య పోలీసు శాఖ ఉద్యోగులు తమ ఫైళ్ల నుంచి తీసింది. అది బయటికి రావడానికి సోవియట్ వ్యవస్థ కుంగిపోవలసి వచ్చింది. ఆ అంకె వెనక పేర్లు వెతికి 30 లక్షలకు పైగా బాధితుల జాబితా తయారు చేసింది ‘మెమోరియల్’ అనే సంస్థ. 2021 డిసెంబర్ 28న రష్యా సుప్రీంకోర్టు ఆ సంస్థను మూసేయమంది. సోవియట్ యూనియన్‌ని ఉగ్రవాద రాజ్యంగా చిత్రిస్తోందని ప్రభుత్వ న్యాయవాది వాదించాడు. మరుసటి ఏడాది మెమోరియల్‌కి నోబెల్ శాంతి బహుమతిలో వాటా వచ్చింది, కార్యాలయం మాత్రం తిరిగి రాలేదు. ఉక్రెయిన్ 2015లో తన దగ్గరున్న కేజీబీ ఫైళ్లను చట్టం చేసి తెరిచింది. మాస్కో నుంచి రిపబ్లిక్కులకు వెళ్లిన ఉత్తర్వుల ప్రతులు అక్కడ ఉన్నాయి. కోటా ఎవరు అడిగారు, ఎవరు పెంచారు, కింద ఎవరి సంతకం ఉందన్నది మాస్కోలో చూడనివ్వని పరిశోధకులు ఇప్పుడు కీవ్ ప్రతుల్లో చదువుతున్నారు.